చక్రం మీద సుద్దతో వేసిన ఇంటి అప్పు లెక్క

మా రైల్వే చక్రాల షాపు గేటు నుంచి బ్యాంకు మెట్లకు 1,160 మీటర్లు. మామూలు నడకకు పద్నాలుగు నిమిషాలు. ఆ బుధవారం మా షాపులో లేత్ నడిపే అతను మధ్యాహ్నం పన్నెండు గంటల పది నిమిషాలకు బయలుదేరి, ఒంటిగంట దాటి ఐదు నిమిషాలకు తిరిగి వచ్చాడు. వెళ్ళేటప్పుడు అతని లెక్క ప్రకారం ఇంటి మీద బాకీ 7,18,980 రూపాయలు. వచ్చేటప్పుడు చేతిలో ఉన్న చీటీ ప్రకారం 13,51,878. యాభై ఐదు నిమిషాల్లో తేడా 6,32,898 రూపాయలు. ముప్పై ఆరేళ్ళ సర్వీసులో ఇంత తక్కువ సమయంలో ఇంత ఎక్కువ తప్పిన కొలత నా చేతికి మరొకటి రాలేదు.

ఇప్పుడిప్పుడే సర్వీసులో చేరి, మొదటి జీతం స్లిప్పు చూసుకోగానే ఇంటి అప్పుకు అర్హత ఎంతో లెక్కవేసుకుంటున్న మీ కోసం దీన్ని రాస్తున్నాను. భయపెట్టడానికి కాదు. ఇది చివరికి పెసరట్టుతో ముగిసిన కథ.

నేను కొలతల విభాగంలో పనిచేసేదాన్ని. లేత్ మీద నుంచి దిగిన ప్రతి చక్రానికీ వ్యాసం, అంచు మందం కొలవడం, సరిపోతే తెల్ల సుద్దతో గుర్తు పెట్టడం, సరిపోకపోతే ఎర్ర సుద్దతో కొట్టివేయడం నా పని. అతను ఆ లేత్ నడిపేవాడు. నాకన్నా నాలుగేళ్ళు చిన్న. మా ఇద్దరి తాతలూ శ్రీకాకుళం వైపు నుంచి ఈ బెంగాలీ ఊరి వర్క్‌షాపులకు వచ్చినవాళ్ళే. అందుచేత గేటు లోపల నన్ను మేడమ్ అనేవాడు, గేటు దాటగానే మా వైపు అక్కను పిలిచినట్టు అప్పా అనేవాడు. మనసు బాగా లేనప్పుడు గేటు లోపల కూడా అప్పా అనేవాడు.

రైల్వే క్వార్టరులో పుట్టి, రైల్వే క్వార్టరులోనే పెళ్ళి చేసుకుని, రిటైరయ్యాక తాళం అప్పగించి వెళ్ళే మనుషులం మేము. ఇల్లు అనేది జీతంలో ఒక కోతగానే మాకు తెలుసు, ధరగా తెలియదు. అతను మాత్రం యాభయ్యో ఏట ధైర్యం చేసి, ఊరి చివర ఇందా అనే పేటలో రెండు గదుల ఇల్లు కట్టుకున్నాడు. అప్పు 15,00,000. వడ్డీ ఎనిమిదిన్నర శాతం. గడువు ఇరవై ఏళ్ళు. నెల వాయిదా 13,017. ఐదేళ్ళు ఒక్క వాయిదా కూడా తప్పలేదు.

ఆ ఐదో ఏడు చివర అతని భార్యకు ఒక అవకాశం వచ్చింది. ఆమె చేతి పెసరట్టు, అల్లం పచ్చడి మా షాపులో అందరికీ తెలుసు. ఇంజనీరింగ్ కాలేజీ గేటు దగ్గర ప్రేమ్ బజార్‌లో ఒక చిన్న గది ఖాళీ అయింది. ఆంధ్ర నుంచి, తెలంగాణ నుంచి వచ్చి చదువుకుంటున్న పిల్లలు అక్కడ ఎంతమంది ఉన్నారో, వాళ్ళు ఉదయం పూట దేనికోసం మొహం వాచి ఉన్నారో ఆమెకు బాగా తెలుసు. గది అడ్వాన్సు 90,000. పొయ్యి, గ్రైండరు, పళ్ళాలు, బల్లలు కలిపి 60,000. దంపతుల దగ్గర దాచిన సొమ్ము 3,00,000. గది యజమానురాలు, ఒక బెంగాలీ దీదీ, నెలాఖరులోగా మాట చెప్పమన్నది. వెనక ఒక జిరాక్సు దుకాణం వాడు కాచుకుని ఉన్నాడు. భార్యకు అవునని మాట ఇచ్చేముందు బాకీ ఎంతో ఒకసారి కాగితం మీద చూసుకుందామని అతను బ్యాంకుకు వెళ్ళాడు. అంతే.

తిరిగి వచ్చి టిఫిన్ డబ్బా మూత కూడా తీయకుండా, లేత్ పక్కన బల్ల మీద కూర్చున్నాడు.

"బేంకోడు నా డబ్బు తినీసినాడప్పా," అన్నాడు.

ఎంత కట్టావని అడిగాను. అరవై నెలలు, 7,81,020 అని తడుముకోకుండా చెప్పాడు. మరి మిగిలింది ఎంత ఉండాలని అడిగాను.

"పదేను లచ్చల్లోంచి తీసీడమే గదా. ఇంకేటుంటాది?"

చుట్టూ డబ్బాలు విప్పుకుని కూర్చున్న పదిమందీ అవునన్నట్టు తల ఊపారు. నాకు ఆశ్చర్యం కలిగించింది అతని తప్పు కాదు, ఆ తల ఊపడం. మా షాపు మొత్తం ఒకే తప్పు చేస్తోంది. దానికి కారణం కూడా మా షాపులోనే ఉంది. మా నాన్నల కాలంలో ఇల్లు కట్టుకోవడానికి ఆఫీసే అడ్వాన్సు ఇచ్చేది. దాన్ని జీతంలోంచి కోసేటప్పుడు ముందు అసలు మొత్తం కోసేవారు. అసలు పూర్తిగా తీరిన తరువాతే వడ్డీ కోతలు మొదలయ్యేవి. ఐదేళ్ళు కోశారంటే ఐదేళ్ళ కోత మేరకు అసలు తగ్గినట్టే. ఆ లెక్క మా ఇళ్ళలో భోజనాల దగ్గర విని విని, అప్పు అంటేనే అలా ఉంటుందని మాకు స్థిరపడిపోయింది. అతని లెక్కలో అంకెలు తప్పలేదు. తప్పింది పద్ధతి. ఒక బండి గేజితో మరో బండి చక్రాన్ని కొలిచాడు.

మా క్రేన్ ఆపరేటరు బెంగాలీ. చిన్నప్పటి నుంచి మా క్వార్టర్ల మధ్యే పెరిగినవాడు కనుక తెలుగు మాలాగే మాట్లాడతాడు, కోపం మాత్రం బెంగాలీలో తెచ్చుకుంటాడు. అతను వెంటనే బ్యాంకు ముందు ధర్నా చేద్దామన్నాడు. జెండా తాను పట్టుకుంటానని, అయితే టీ ఖర్చు బ్యాంకే పెట్టుకోవాలని కూడా చెప్పాడు.

నేను తెల్ల సుద్ద తీసుకుని, లేత్ పక్కన వంతు కోసం నిలబెట్టి ఉన్న ఒక చక్రం పలక మీద మొదటి నెల లెక్క వేశాను. పదిహేను లక్షల మీద ఎనిమిదిన్నర శాతం చొప్పున ఒక నెల వడ్డీ 10,625. వాయిదా 13,017. తీసివేస్తే 2,392. మొదటి నెల అసలులో తగ్గింది ఆ రెండు వేల మూడు వందల తొంభై రెండు రూపాయలే.

అతను చాలాసేపు ఆ చక్రాన్నే చూశాడు. అది అంచు అరిగిన చక్రం. లోపలి వైపు ఉండే ఆ అంచే బండిని పట్టా మీద నుంచి జారిపోకుండా పట్టి ఉంచుతుంది. అది పలచబడితే మళ్ళీ మందం తేవడానికి కొత్త ఇనుము అతికించరు. చక్రం మొత్తాన్ని లేత్ మీద చెక్కి, చిన్నది చేసి, ఆ చిన్న చక్రానికి సరైన అంచు వచ్చేలా చూస్తారు.

"అంచు ఒక మిల్లీమీటరు రావాలంటే వ్యాసంలో ఎంత తీస్తావు?" అని అడిగాను.

"నాలుగు. ఒక్కోపాలి నాలుగున్నర."

"తీసిన ఇనుము ఏమవుతుంది?"

"తుక్కు."

10,625ను 2,392తో భాగించి, జవాబును చక్రం మీద పెద్దగా రాశాను. 4.44. అసలు ఒక రూపాయి తగ్గడానికి నాలుగు రూపాయల నలభై నాలుగు పైసలు తుక్కు.

అతను ఆ అంకెను చూసి, నన్ను చూసి, అప్పటిదాకా లేని నవ్వు ఒకటి నవ్వాడు. "అయితే ఐదేళ్ళు బేంకుకి తుక్కు తోలినానన్నమాట," అన్నాడు. మన తుక్కును కనీసం వేలం వేస్తారు దాదా, నీ తుక్కుతో వాళ్ళు ఏసీ పెట్టించుకున్నారని క్రేన్ ఆపరేటరు ఓదార్చాడు. టిఫిన్ డబ్బా మూత అప్పుడు తెరుచుకుంది.

ఆ చక్రాన్ని తుడవడం మరిచాం. సాయంత్రం తనిఖీకి వచ్చిన పెద్ద అధికారి దాని ముందు ఆగి, 10,625 ఏ కొలత, ఏ గేజితో తీశారని నిలదీశారట. అవి రూపాయలు సార్, చక్రానికి సంబంధం లేదు అని క్రేన్ ఆపరేటరు పైనుంచే జవాబు చెప్పాడు. ఆయన కిందికి వంగి లెక్కంతా చదివి, తన ఇంటి అప్పు గురించి మరుసటి వారం నన్ను గదిలోకి పిలిపించి అడిగారు. అది వేరే సంగతి.

మర్నాడు నేను కూడా బ్యాంకుకు వెళ్ళాను. అక్కడి అధికారి చిన్న వయసు అమ్మాయి, ఓపిక ఉన్న మనిషి. తెర మా వైపు తిప్పి ఒక్కొక్క వరుసా చూపించింది. నా చక్రం లెక్క కూడా అసంపూర్ణమని అక్కడ తేలింది. ఎనిమిదిన్నర శాతం మొదటి మూడేళ్ళకే స్థిరం. ఆ తరువాత రేటు మారుతుందని ఒప్పందంలో ఉంది. మారి, తొమ్మిదిన్నర అయింది. వాయిదా మాత్రం పైసా పెరగలేదు. కనుకనే అతనికి అనుమానం రాలేదు. వాయిదాకు బదులు గడువు పెరిగింది. మిగిలి ఉన్న 204 నెలలు ఒక్క రోజులో 243 అయ్యాయి. ఫోనుకు ఇంగ్లీషులో సందేశం కూడా వచ్చిందట. బ్యాంకు మరో అప్పు అంటగట్టడానికి పంపిందనుకుని చెరిపేశానని అతను ఒప్పుకున్నాడు.

అన్నిటికన్నా నన్ను కదిలించిన అంకె ఆ నెలది. ఆ నెల వాయిదాలో వడ్డీ 10,702, అసలు 2,315. ఐదేళ్ళు కట్టిన తరువాత, మొదటి నెల కన్నా డెబ్బై ఏడు రూపాయలు తక్కువగా అసలు తగ్గుతోంది.

"ఇక ఎన్ని నెల్లు?" అని అడిగాడు.

219 అంది ఆ అమ్మాయి. అరవయ్యో ఏట రిటైరవుతాడు. అప్పు డెబ్బై మూడేళ్ళ మూడు నెలలకు తీరుతుంది. అతను వేళ్ళు మడిచి లెక్కపెట్టుకోవడం మొదలుపెట్టి, మధ్యలో మానేశాడు.

తిరిగి వస్తూ దారిలోనే నిర్ణయం చెప్పాడు. దాచిన మూడు లక్షలూ అప్పులో వేసేస్తాను, దుకాణం మాట ఇంక లేదు. ఆ సంగతి భార్యకు చెప్పేటప్పుడు పక్కన నువ్వుండాలప్పా అన్నాడు. లెక్క నాది కనుక కాదనలేకపోయాను. అప్పటికి నేను అతని పక్షమే. బ్యాంకు అమ్మాయి ఒక దారి చెప్పింది. 5,900 రుసుం కడితే రేటు మళ్ళీ ఎనిమిదిన్నరకు మారుస్తారు. రేటు మార్చి, మూడు లక్షలూ కడితే 219 నెలలు 120కి దిగుతాయి. ఇంత ఖచ్చితమైన లాభం వదులుకుని పిండి రుబ్బుకోవడం ఏమిటని నా శిక్షణ నన్నడిగింది.

ఇందాలో వాళ్ళ వరండాలో కూర్చోబెట్టి ఆమె మాకు టీ ఇచ్చింది. ఆ ఇంట్లో ఆమె నన్ను వదినా అంటుంది. అతను గోడ వైపు చూస్తూ విషయం చెప్పాడు. నేను 219, 120 వివరించాను. ఆమె కొంగుతో చేతులు తుడుచుకుని, అంతా విని, నన్ను ఒకే ఒక్క ప్రశ్న అడిగింది.

"దుకాణానికి ఎంత ఏసినావు వొదినా?"

"ఏమీ వేయలేదమ్మా. సున్నా."

"నీ లెక్కలో ఈ ఇంట్లో సంపాదించీది ఒక్కడే. ఇద్దరం గదా ఉన్నాం?"

కొలవనిదాన్ని నమోదు చేయకూడదన్నది మా వృత్తి ధర్మం, దుకాణం ఇంకా పుట్టలేదు కనుక దాని రాబడి ఎలా రాస్తానని చెప్పాను. నిజం చెప్పాలంటే అది మంచి జవాబే. ఇప్పటికీ దాన్ని వెనక్కి తీసుకోను. సగం డబ్బు దుకాణంలో పెట్టి, అది నడవకపోతే, 150 నెలలు కట్టాలి, పెట్టిన లక్షన్నరా పోతుంది. అది కూడా చెప్పాను. ఆమె భయపడలేదు. వాదించనూ లేదు.

"అయితే కొలిసీ," అంది.

మరమ్మతు అయిన యంత్రాన్ని షాపులో ఎవరూ నేరుగా పనిలోకి దించరు. ఖాళీగా తిప్పుతారు, తరువాత పలచటి కోత ఒకటి వేసి చూస్తారు. ఆ పద్ధతే ఇక్కడా పెట్టాం. గది యజమానురాలిని బతిమాలి, మూడు ఆదివారాలు ఉదయం ఏడు నుంచి పదకొండు దాకా గది ముందు వసారా అద్దెకు తీసుకున్నాం, రోజుకు మూడు వందల చొప్పున. దీదీ ఠీక్ హై అంది కానీ, జిరాక్సు వాడిని పొమ్మనలేదు. పళ్ళెం యాభై రూపాయలు. సరుకుల ఖర్చు నేనే తూచి చూశాను, పళ్ళేనికి ఇరవై ఏడు. మిగిలేది ఇరవై మూడు.

మొదటి ఆదివారం 62 పళ్ళాలు. గుంటూరు పిల్లవాడొకడు పచ్చడిలో కారమేదని అడిగాడు. పక్కనే ఉన్న బెంగాలీ విద్యార్థి అదే పచ్చడికి కళ్ళనీళ్ళు పెట్టుకుని, కొంచెం చక్కెర దొరుకుతుందా దీదీ అన్నాడు. ఆమె ఇద్దరినీ ఎగాదిగా చూసి, ఇద్దరూ కలిపి తినండి, సరిపోద్ది అంది.

రెండో ఆదివారం పెద్ద తప్పు జరిగింది. నా సలహా మీద ఇడ్లీ కూడా పెట్టి, పిండి ఎక్కువ కలిపారు. ఉక్కకు అది పులిసి పొంగి, బకెట్టు మూత ఎత్తుకుని వసారా మెట్ల మీదకు నడిచి వచ్చింది. ఇడ్లీ ఆ రోజుతో రద్దు. అయినా 97 పళ్ళాలు పెసరట్టు అమ్ముడైంది. అందులో మూడు మా క్రేన్ ఆపరేటరువి. తిన్నాక డబ్బిచ్చి, చక్రాలకు నేను పెట్టినట్టే పళ్ళెం మీద పచ్చడితో ఆమోదం గుర్తు పెట్టి వెళ్ళాడు.

మూడో ఆదివారం జనం ఎక్కువై, అతను కూడా పెనం ముందు నిలబడ్డాడు. ముప్పై ఏళ్ళు లేత్ నడిపిన చెయ్యి. ఒక్కొక్క అట్టూ పరిపూర్ణమైన వృత్తం. ఒక్కొక్కదానికి నాలుగు నిమిషాలు. వరుస రోడ్డు దాకా వెళ్ళింది.

"అట్టు వ్యాసం కొలిసీ మనిషి నాకొద్దు," అని భార్య అతని చేతిలో గరిటె లాక్కుంది. "పళ్ళాలు కడుగు, ఎల్లు."

అతను కడగడానికి వెళ్ళాడు. కుళాయి దగ్గర కూర్చుని, వరుసలో నిలబడ్డవాళ్ళను లెక్కపెడుతూ, తనలో తాను నవ్వుకోవడం నేను చూశాను. ఆ వారాలన్నిటిలో అతని మొహంలో డెబ్బై మూడేళ్ళ మూడు నెలలు కనబడని మొదటి ఉదయం అది. ఆ రోజు 131.

పదకొండు గంటలకు బల్లలు మడిచాక లెక్కకు కూర్చున్నాం. ఆదివారం రాబడిని రోజూ వస్తుందనుకోవడం తప్పు. అందుకని మూడింటిలో అతి తక్కువ రోజును తీసుకుని, దాన్ని కూడా సగం చేశాను. రోజుకు 31 పళ్ళాలు, ఇరవై మూడు చొప్పున 713. నెలకు ఇరవై ఆరు రోజులకు 18,538. అందులోంచి గది అద్దె 7,000, గ్యాసు, కరెంటు 3,000 పోతే 8,538. అందులో ఆరు వేలు ప్రతి నెలా అప్పు అసలులోకి. లక్షన్నర అప్పుకు, లక్షన్నర దుకాణానికి. రేటు మార్పు ఎలాగూ ఉంది. ఈ లెక్కలో 219 నెలలు 84 అయ్యాయి. మూడు లక్షలూ అప్పులో పోసిన దానికన్నా మూడేళ్ళు ముందు.

రెండోసారి వేసి చూసినా 84 వచ్చింది. అతను తడి చేతులతో వచ్చి నా వెనక నిలబడ్డాడు.

"అయితే గుర్తు పెట్టీ అప్పా," అన్నాడు.

జేబులో ఎప్పుడూ ఉండే తెల్ల సుద్దతో ఆ గది తలుపు చెక్క మీద, చక్రం బండి కిందకు వెళ్ళవచ్చు అని అర్థమిచ్చే గుర్తు పెట్టాను. గది యజమానురాలు అది ఏదో తెలుగు ముగ్గు అనుకుంది. జిరాక్సు వాడికి గది లేదని ఆ మధ్యాహ్నమే కబురు పంపింది.

సోమవారం మళ్ళీ బ్యాంకుకు వెళ్ళాం. మీకు పనికొచ్చే సాంకేతిక విషయం ఒక్కటే ఉంది, అది ఇక్కడే వస్తుంది. అసలులో కొంత ముందుగా కట్టినప్పుడు, వాయిదా తగ్గించాలా, గడువు తగ్గించాలా అని అడుగుతారు. అడగకపోతే మీరే చెప్పాలి. వాయిదా తగ్గిందని సంతోషించేవాడు తుక్కు తోలుతూనే ఉంటాడు. గడువు తగ్గించమని రాసివ్వండి. ఏడాదికి ఒకసారి మిగిలిన నెలలు ఎన్నో అడగండి. రేటు ఎంత అని కాదు, నెలలు ఎన్ని అని. రేటు వినడానికి చిన్న అంకె. నెలలు మీ వయసుకు కలుస్తాయి.

ఇది జరిగి పద్దెనిమిది నెలలు. ఈలోగా నేను రిటైరయ్యాను, క్వార్టరు తాళం అప్పగించాను, నా వంతు ఇల్లు నేను వెతుక్కున్నాను. వారానికి రెండుసార్లు పూరీ గేట్ మీదుగా ప్రేమ్ బజార్‌కు వెళ్ళి పెసరట్టు తింటాను. ఆమె నా దగ్గర డబ్బు తీసుకుంటుంది. తీసుకోవాలని మొదటి రోజే నియమం పెట్టింది నేనే, ఇప్పుడు కొంచెం విచారిస్తున్నాను. రేపు ఇస్తాను ఆంటీ అనే విద్యార్థులకు ఆమె చెప్పే జవాబు ఒకటుంది. రేపు ఇస్తే యాభై, నెల దాటితే రూపాయికి నాలుగు రూపాయల నలభై నాలుగు పైసలు తుక్కు. వాళ్ళలో ఫైనాన్సు చదివే అమ్మాయి ఒకతె అది ఏ సూత్రమని అడిగిందట. చక్రాల షాపుది అని చెప్పిందట.

అతను ఆదివారాలు వస్తాడు. ఇప్పటికీ పళ్ళాలే కడుగుతాడు.

మొత్తం లెక్క ఇది. అప్పు తీసుకున్నది 15,00,000. రేటు మారకుండా ఇరవై ఏళ్ళు కట్టి ఉంటే చెల్లింపు 31,24,080. రేటు మారాక పట్టించుకోకుండా వదిలేసి ఉంటే 36,31,743. ఇప్పటి దారిలో, రుసుం 5,900 కలుపుకుని, సుమారు 25,36,000. అంటే పదిహేను లక్షల ఇల్లు కట్టుకోవడానికి వడ్డీ, రుసుం కలిపి ఇచ్చేది 10,36,000. ఈ నెలకు బాకీ 10,00,986. మిగిలిన నెలలు 66. దుకాణంలో పెట్టుబడి 1,50,000, మూడు ఆదివారాల వసారా అద్దె 900. నష్టాలు: పులిసిన పిండి ఒక బకెట్టు, అరిగిపోయిన తెల్ల సుద్ద ఒకటి.